స్విచ్ వేయగానే లేచే కత్తివీరుడు

కరోనా తర్వాత బడులన్నీ మళ్లీ మామూలుగా తెరుచుకున్న ఏడాది జూన్‌లో నన్ను కరీంనగర్ నుంచి ఉట్నూర్‌కు డెప్యుటేషన్ మీద పంపారు. అప్పటికి నేను సీనియర్ సిస్టమ్స్ అసిస్టెంట్‌ని, ఉద్యోగ విరమణకు రెండేళ్లు కూడా లేవు. డెప్యుటేషన్ అంటే మన పేరు పాత ఆఫీసు రిజిస్టర్‌లోనే ఉంటుంది, పని మాత్రం ఇంకో చోట చేస్తాం. నాకిచ్చిన ఉత్తర్వులో పని ఒకే వాక్యంలో రాసి ఉంది: పదో తరగతి పాసైన ఆడపిల్లల చేత గురుకుల కాలేజీలకు వెబ్ ఆప్షన్లు పెట్టించాలి. ఏ కాలేజీ, ఏ గ్రూపు కావాలో కంప్యూటర్‌లో వరుసగా ఎంచుకుని చివర్లో లాక్ నొక్కడమే వెబ్ ఆప్షన్లు పెట్టడం. లాక్ నొక్కని దరఖాస్తు పెట్టనట్టే లెక్క.

మా సహాయ కేంద్రానికి కంప్యూటర్లు ఆలస్యంగా వచ్చాయి. గడువు రేపు సాయంత్రం ఐదు గంటలకు ముగుస్తుందనగా ఈ సాయంత్రం వ్యాన్‌లో దిగాయి. కరీంనగర్‌లో మూతపడిన ఒక గేమ్ పార్లర్ యజమాని, జహీర్ భాయ్ అనే ఆయన, తన పన్నెండు యంత్రాలనూ కేంద్రానికి ఉచితంగా ఇచ్చేశాడు. నల్లగా, బరువుగా, పక్కన గాజు పలకతో ఉన్నాయవి. నా ముప్పై ఏళ్ల ఉద్యోగంలో అంత మంచి యంత్రాలు నా చేతికి ఎప్పుడూ రాలేదు. మా అటెండర్ తిరుపతి ఒక్కొక్క దాన్ని పసిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తుకొచ్చి బల్లల మీద పెట్టాడు. ఆ సాయంత్రం గాలివానకు కరెంటు పోయింది. కేబుళ్లన్నీ బిగించి, ఒక్కటి కూడా ఆన్ చేసి చూడకుండానే తాళం వేశాం. నేను చేసిన మొదటి తప్పు అదే.

మర్నాడు ఎనిమిదింటికే జీపులు రావడం మొదలైంది. ఆడపిల్లలు, వాళ్ల వెంట తల్లో తండ్రో. హాలు నిండిపోయింది. తొమ్మిదింటికి మా ఇన్‌చార్జి శంకరయ్య సార్ కొబ్బరికాయ కొట్టి, గోడ మీది మెయిన్ స్విచ్ వేశారు. పార్లర్‌లో సౌకర్యం కోసం కరెంటు రాగానే యంత్రాలు వాటంతట అవే ఆన్ అయ్యేలా పెట్టుకున్నారట. పన్నెండూ ఒకేసారి లేచాయి. గాజు పలకల వెనక ఎర్రవి, నీలివి లైట్లు తిరిగాయి. సార్ చిరునవ్వుతో ఇటు తిరిగి, ప్రసంగం మొదలుపెట్టడానికి గొంతు సవరించుకున్నారు.

అప్పుడు పన్నెండు స్పీకర్లలోంచి డప్పులు మోగాయి. పన్నెండు తెరల మీద పన్నెండు మంది కత్తివీరులు గాల్లోకి ఎగిరి, కత్తి దూసి, పెద్ద పొలికేక పెట్టారు.

సార్ చేతిలోని కొబ్బరి చిప్ప కింద పడింది. తర్వాత వెనక వరసలో ఎవరో చప్పట్లు కొట్టారు. అంతే, హాలంతా చప్పట్లు. ప్రారంభోత్సవానికి మేమే ఏర్పాటు చేసిన కార్యక్రమం అనుకున్నారు. సార్ నా వైపు చూశారు, నేను నేల వైపు చూశాను. ఆయన తేరుకుని, తాను కూడా చప్పట్లు కొట్టారు. అంత నిబ్బరం ఉన్న అధికారిని నేను మళ్లీ చూడలేదు.

ఆ కత్తివీరుడు ఆట కాదు, గేమ్ లాంచర్. ఆటలను దింపుకోవడానికీ, వాటికి కొత్త మార్పులు తెచ్చుకోవడానికీ వాడే ప్రోగ్రాం అది. ప్రతి యంత్రంలోనూ అలాంటివి మూడేసి ఉన్నాయి. కంప్యూటర్ ఆన్ కాగానే తామూ తెరుచుకునేలా ఉన్నాయి మూడూ. అరుపులు స్పీకర్లు తీసేస్తే ఆగాయి. అసలు చిక్కు వేరే ఉంది. పార్లర్ మూతపడినప్పటి నుంచి ఆగిపోయిన మార్పులన్నీ ఒక్కసారే దింపుకోవడం మొదలుపెట్టాయవి. మాకున్నది ఒకే ఇంటర్నెట్ లైను. దాన్నంతా అవే మింగేస్తుంటే కాలేజీల వెబ్‌సైటు మొదటి పేజీ కూడా తెరుచుకోలేదు.

మూడింటినీ పూర్తిగా తీసేద్దామంటే అడ్మినిస్ట్రేటర్ పాస్‌వర్డ్ కావాలి. జహీర్ భాయ్‌కి ఫోన్ చేస్తే స్విచాఫ్ అని వచ్చింది. సరే, తీసేయలేకపోయినా లేవకుండా ఆపవచ్చు. టాస్క్ మేనేజర్‌లో స్టార్టప్ అని ఒక జాబితా ఉంటుంది. కంప్యూటర్‌తో పాటు ఏయే ప్రోగ్రాములు లేవాలో అందులో ఉంటుంది. పన్నెండు యంత్రాల్లోనూ ఆ మూడు పేర్ల ఎదుట డిసేబుల్ నొక్కి, అన్నింటినీ రీస్టార్ట్ చేశాను. రెండు లాంచర్లు మళ్లీ కనపడలేదు. మూడోది, అదే కత్తివీరుడిది, నింపాదిగా లేచింది.

"మేడం, మళ్ల వచ్చిండు!" అన్నాడు తిరుపతి, చుట్టం వచ్చినట్టు.

ఇంకోసారి నొక్కాను. ఇంకోసారి లేచింది. మూడోసారి రీస్టార్ట్ చేసేసరికి హాలంతా తెరల వైపే చూస్తోంది. నల్ల తెర వెలిగి, డెస్క్‌టాప్ వచ్చి, ఒక క్షణం ఏమీ కాక, "పోయిండు!" అని ఒక తల్లి అనేలోపే కత్తివీరుడు ఎగిరాడు. పిల్లలు పడీపడీ నవ్వారు. నాకూ నవ్వు ఆగలేదు. బెల్లంపల్లిలో మా చర్చి క్వాయర్‌లో చిన్నప్పుడు పాట మధ్యలో నవ్వొచ్చి బయటికి పోయిన దాన్ని నేను. ఆ రోజు బయటికి పోయే వీలు కూడా లేదు, గోడ గడియారంలో పదకొండు అవుతోంది.

అంతలో తెరల మూలన చిన్న చిన్న గళ్లు రావడం మొదలైంది. యంత్రాలన్నీ జహీర్ భాయ్ ఖాతాతోనే లాగిన్ అయి ఉన్నాయి. కరీంనగర్‌లోని ఆయన పాత గిరాకీలకు ఆయన ఆన్‌లైన్‌లోకి వచ్చినట్టు కనపడింది. 'భాయ్, దుకాణం మళ్ల తెరిచినవా?' అని ఒకరు. 'జర ఆగు, అన్నం తిని వస్తున్న' అని ఇంకొకరు. ప్రతి సందేశం పన్నెండు తెరల మీదా వచ్చింది. ముందు వరసలోని ఒకమ్మాయి వాటిని గట్టిగా చదివి వినిపించడం మొదలుపెట్టింది. ఆమె పేరు జంగుబాయి. తండ్రి భీంరావుతో అడవి అంచు ఊరి నుంచి వచ్చింది. నర్సు చదువుకు దారితీసే గ్రూపు కావాలని పొద్దుటే నాతో చెప్పింది. "మా ఊర్ల సూది ఏసేటోళ్లు లేరు మేడం, నేనే ఏస్త" అంది.

కాసేపటికి జహీర్ భాయే ఫోన్ చేశాడు. ఫోన్ ఆన్ చేయగానే ఆ పాత గిరాకీలు వరసగా ఫోన్లు చేసి, దుకాణం తెరిచి మాకు చెప్పలేదేమని నిలదీశారట.

"అస్సలామలేకుం మేడం! నా దుకాణం ఉట్నూర్ల నడుస్తుందట గదా!" అని పగలబడి నవ్వాడు. పాస్‌వర్డ్ అడిగాను. "గది నేను ఎన్నడో మర్చిపోయిన. ఫికర్ చేయకుండ్రి. గా లాంచర్ లోపలికి పోండ్రి. సెట్టింగ్స్‌ల ఒక టిక్కు ఉంటది, కంప్యూటర్‌తోని నన్ను లేపు అని. గది తీయాలె. మీరు బయట ఆపుతున్నరు, అది బందయ్యేటప్పుడల్ల లోపల టిక్కు చూసుకొని మళ్ల పేరు రాసుకుంటది."

అదీ సంగతి. జాబితాలో నేను కొట్టేసిన పేరును, లాంచర్ తన పాత టిక్కును చూసి మళ్లీ రాసుకుంటోంది. ఇంకొకటి కూడా చెప్పాడు. పైన ఇంటూ గుర్తు నొక్కితే లాంచర్ మూతపడదు, గడియారం పక్కన మూలకు పోయి కూర్చుంటుంది. అక్కడ కుడి బటన్ నొక్కి ఎగ్జిట్ అనాలి.

ఫోన్ పెట్టబోతూ, "మేడం, పిల్లలు నవ్విన్రా?" అని అడిగాడు. బాగా నవ్వారని చెప్పాను. "అయితే మంచిదే" అని పెట్టేశాడు.

అప్పుడు వరస ప్రకారం చేశాను. ముందు లాంచర్ లోపల టిక్కు తీయడం, తర్వాత మూలన ఎగ్జిట్, ఆ తర్వాత స్టార్టప్ జాబితాలో డిసేబుల్, చివర రీస్టార్ట్. పక్కనే నిలబడి జంగుబాయి ప్రతి నొక్కూ చూసింది. ఏడో నంబరు యంత్రంలో మాత్రం ఎలాగో పేజీ తెరుచుకుని ఒక అమ్మాయి దరఖాస్తు నింపుతోంది. ఆ పిల్లను లేపడం ఇష్టం లేక, మూలన ఎగ్జిట్ ఒక్కటి నొక్కి, మిగతాది తర్వాత చేద్దామనుకున్నాను. తర్వాత మరిచిపోయాను. అది రెండో తప్పు.

పన్నెండు దాటాక వెబ్‌సైటు చకచకా తెరుచుకుంది. ఒక్కొక్కరూ లాక్ నొక్కి, చీటీ పట్టుకుని, జీపు ఎక్కుతున్నారు. నాలుగున్నరకు ఇక పది మందే మిగిలారు. జంగుబాయి ఏడో నంబరు ముందు కూర్చుంది. ఆమె రెండో కాలేజీ ఎంచుకుంటుండగా కరెంటు పోయింది.

మాకు బ్యాటరీలు ఇంకా రాలేదు. చీకటి తెరల ముందు పది మంది పిల్లలు అలాగే కూర్చున్నారు. శంకరయ్య సార్ విద్యుత్ సబ్‌స్టేషన్‌కు ఫోన్ మీద ఫోన్ చేస్తున్నారు. భీంరావు కూతురి కుర్చీ పట్టుకుని నిలబడ్డాడు. పొద్దుటి నుంచీ మొదటిసారి హాల్లో నవ్వు లేదు.

నాలుగూ నలభైకి కరెంటు వచ్చింది. యంత్రాలన్నీ ఒకేసారి లేచాయి. అందరం తెరలు చూశాం. ఒకటి, రెండు, మూడు... ఎక్కడా ఏ వీరుడూ లేడు. తిరుపతి రెండు చేతులూ పైకెత్తి అరవబోయాడు. సరిగ్గా అప్పుడే ఏడో నంబరులో కత్తివీరుడు ఒంటరిగా ఎగిరాడు.

నేను అటువైపు పరుగెత్తాను. హాలు చివరి నుంచి బల్లల మధ్య దారి చేసుకుని పోవాలి.

"ఆగుండ్రి మేడం, నేను తీస్త. పొద్దటి సంది చూస్తున్న గదా" అంది జంగుబాయి.

"ముట్టకు బిడ్డా, పేలుతది!" అన్నాడు భీంరావు.

"పేలదు బాపూ, లోపల టిక్కు తీయాలె. గంతే."

నేను చేరేసరికి టిక్కు తీసేసింది. మూలకు పోయి ఎగ్జిట్ నొక్కింది. టాస్క్ మేనేజర్ నన్నే తెరవమని చెప్పి, పేరు మాత్రం తనే వెతికి డిసేబుల్ నొక్కింది. రీస్టార్ట్ చేయాలా అని కూడా అడిగింది. వద్దు, ముందు నీ ఆప్షన్లు పెట్టుకో అన్నాను. ఐదుకు తొమ్మిది నిమిషాలుండగా లాక్ నొక్కింది. మిగిలిన తొమ్మిది మందివీ ఐదులోపే అయ్యాయి. చివరి చీటీ ప్రింటర్‌లోంచి రాగానే సార్, తిరుపతి, నేను, ఆ తండ్రులు, తల్లులు, పిల్లలు అందరం కారణం లేకుండా నవ్వాం. నవ్వు ఆగేదాకా భీంరావు నా చెయ్యి పట్టుకుని ఊపుతూనే ఉన్నాడు. జంగుబాయికి ఆమె కోరిన గ్రూపులోనే సీటు వచ్చింది.

ఆ తర్వాత నేను పనిచేసిన ప్రతి చోటా రెండు నియమాలు పాటించాను. ఏ ప్రోగ్రాం అయినా దానంతట అది లేస్తుంటే, ముందు దాని సొంత సెట్టింగ్స్‌లో ఆపాలి, ఆ తర్వాతే కంప్యూటర్ జాబితాలో. పని అయిందని చెప్పే ముందు ప్రతి యంత్రాన్నీ, పన్నెండుంటే పన్నెండింటినీ, రీస్టార్ట్ చేసి కళ్లారా చూడాలి.