పెట్రోలు మూతకు మూడు ముళ్ళు

‘ఆ రోజుల్లో’ అని మొదలుపెట్టేంత వయసు నాకింకా రాలేదని మా మేనత్త అంటుంది. నిజమే. నేను చెప్పబోయేవి నాలుగైదేళ్ళ కిందటి రోజులే. అప్పుడు తొడిగిన చెప్పుల్లో ఒకటి ఇప్పటికీ మంచం కింద ఉంది. అయితే మనిషి తెలివితక్కువతనాన్ని ఏళ్ళతో కొలవకూడదు కదా. ఆ రోజుల్లో నేను ఐటీఐలో మోటారు మెకానిక్ సర్టిఫికెట్ సంపాదించి, సూరత్‌లో మేముండే బమ్రోలికి దగ్గర్లోనే ఒక ఉస్తాద్ గ్యారేజీలో కుదురుకున్నాను. నా దగ్గర అరచేతంత స్కానరు ఒకటి ఉండేది. స్టీరింగు కింద ఉండే సాకెట్లో దాన్ని గుచ్చితే, ఇంజను కంప్యూటరు తన కష్టాలన్నీ అంకెల్లో చెప్పుకునేది. డాక్టరు స్టెతస్కోపు వేసుకున్నట్టు దాన్ని మెడలో వేసుకుని తిరిగేవాణ్ణి (వైరు అంత పొడుగుండడం నా తప్పు కాదు). బస్తీలో నన్ను ‘స్కానర్ డాక్టర్’ అని పిలిచేవాళ్ళు. అందులో గౌరవమెంత, ఎకసెక్కెమెంత అని నేను ఆరా తీయలేదు. ఎదుటివాళ్ళందరినీ అనుమానించే ఆ వయసులో, నేను అనుమానించని ఒకే ఒక్క మనిషిని నేనే.

ఇక మా మేనత్త, మామల సంగతి. మామ ముప్పై ఏళ్ళు సాంచెల మీద, అంటే కరెంటు మగ్గాల మీద, బట్ట నేశాడు. సాంచెల ముందు నిలబడి నిలబడి మోకాళ్ళు అరిగాక, ఇంటిని అత్తమ్మ ఇడ్లీలు నిలబెట్టాయి. కామ్‌రేజ్ దగ్గర ఒక మిల్లు క్యాంటీనుకి రోజూ పొద్దున ఎనిమిది గంటలకల్లా నాలుగు వందల ఇడ్లీలు, ఒక పెద్ద గిన్నె సాంబారు చేరాలి. అదొక్కటే వాళ్ళకున్న పెద్ద ఆర్డరు. అది పోతే మామ మళ్ళీ సాంచెల ముందు నిలబడాలి, మోకాళ్ళు ఒప్పుకోవు. ఇడ్లీలు మోయడానికి వెనక సీటు పీకేసిన పదిహేడేళ్ళ పాత కారు ఒకటి ఉండేది. డ్రైవింగు అత్తమ్మది. మామ పక్క సీట్లో కూర్చుని, వచ్చేపోయే వాళ్ళందరినీ అనుమానించేవాడు. గ్యాసు కిట్టు పెట్టించమంటే “బాంబు మీద కూసోని ఇడ్లీలు మోసుడా?” అన్నాడు. అందుకని పెట్రోలే.

ఆ పెట్రోలు దగ్గరే కథ మొదలైంది. ట్యాంకు నింపితే వారం రావలసింది ఐదు రోజులకే అయిపోతోందని మామ కనిపెట్టాడు. ఆయన లెక్కలో దీనికి ఒకటే అర్థం: దొంగతనం. దొంగ ఎవరంటే, రాత్రంతా మేలుకుని ఉండే మనిషి. అంటే వాళ్ళ వాడకి కాపలా ఉండే విజిల్ కాకా. (కాపలా మనిషి మేలుకుని ఉండడమే నేరమైన చోటు భూమ్మీద అదొక్కటే.) మామ నాకు తప్ప ఎవరికీ చెప్పకుండా పెట్రోలు మూతను ప్లాస్టిక్ కాగితంతో గట్టిగా చుట్టి, దానిమీద రబ్బరు పట్టీ లాగి, ఆ పైన నైలాను దారంతో మూడు ముళ్ళు వేశాడు. తెగిన పోగును అతికేటప్పుడు నేతగాళ్ళు వేసే సన్నని ముడి అది. “గీ ముడి ఇప్పినా మల్ల గిట్లనే వేసెటోడు మనోడే కావాలె. కాకా ఇప్పితే దొరికిపోతడు,” అన్నాడు నాతో, గొంతు తగ్గించి. ఆ ముందుచూపుకి నేను మెచ్చుకుని నవ్వాను కూడా. ఆ నవ్వు ఇప్పుడు గుర్తొస్తే సిగ్గేస్తుంది.

నాలుగు రోజులకి కారు రోడ్డు మీద ఆగింది. కామ్‌రేజ్ ఇంకో అడుగు దూరంలో ఉందనగా దగ్గింది, వణికింది, చచ్చింది. అరగంట తర్వాత ఏమీ ఎరగనట్టు స్టార్టయ్యింది. ఇడ్లీలు ఆలస్యం. రెండోసారి సర్థానా దగ్గర ఆగింది. మళ్ళీ ఆలస్యం. “చూసినవా అల్లుడా, రోజురోజుకు ఇంటి దిక్కు జరుగుతున్నది. ఇది ఇంజను రోగం కాదు, ఎవడో చేయించిండు,” అంది అత్తమ్మ. ఆమె అనుమానం లోచో భాయ్ మీద. అంతకుముందు ఆ క్యాంటీనుకి లోచో, అంటే ఆవిరి మీద ఉడికించే సూరత్ శనగపప్పు టిఫిను, పంపినవాడు అతనే. “మొన్న ఎదురువడి నవ్విండు,” అంది, అంతకు మించిన సాక్ష్యం అక్కర్లేదన్నట్టు. నాకు మాత్రం పెట్రోలు బంకు మీద అనుమానం. మా ఉస్తాద్‌కి మా కుటుంబం మొత్తం మీద అనుమానం.

కారు గ్యారేజీకొచ్చిన ప్రతిసారీ ఒకటే తంతు. మామ వీపు మా వైపు తిప్పి, ముడి గుట్టు ఎవరికీ తెలియకుండా ముళ్ళు విప్పేవాడు. ఉస్తాద్ మూత తీసి ట్యాంకులో ముక్కు పెట్టేవాడు. “పహలే నాక్, బాద్ మే మెషీన్, డాక్టర్,” అనేవాడు. ముందు ముక్కు, తర్వాతే యంత్రం అని ఆయన సిద్ధాంతం. పెట్రోల్లో కిరోసిను వాసన లేదని తేలాక నా వంతు. స్కానరు గుచ్చితే, కారు ఆగినప్పుడు ఇంజనుకి గాలి ఎక్కువగా, పెట్రోలు తక్కువగా అందిందని చూపించేది. ఇంకేం కావాలి? ఇంజనులోకి పెట్రోలు చిమ్మే నాలుగు ఇంజెక్టర్లూ ఊడదీసి కడిగాను. గాజు గొట్టాల మీద పెట్టి చూస్తే పెళ్ళిలో పన్నీరు బుడ్డిలా నాలుగూ సమానంగా చల్లాయి. అయినా మళ్ళీ కడిగాను. ఫిల్టరు మార్చాను. పంపు ప్రెషరు చూస్తే ముల్లు మూడు దగ్గర గుండ్రాయిలా నిలబడింది. రెండు కిలోమీటర్లు తిప్పి చూస్తే కారు పాటలాగా నడిచింది. మర్నాడు పొద్దున నాలుగు వందల ఇడ్లీలతో, ఈసారి వరాఛాలో, ఇంటికి ఇంకా దగ్గరగా ఆగిపోయింది.

మూడోసారి ఆలస్యమయ్యేసరికి క్యాంటీను మేనేజరు అత్తమ్మకి ఫోను చేశాడు. ఇంకొక్కసారి ఎనిమిది దాటితే సోమవారం నుంచి లోచోయే తెప్పించుకుంటానన్నాడు. అత్తమ్మ ఫోను పెట్టేసింది. మామ మోకాళ్ళ వైపు చూసింది. మామ పంచె సర్దుకుని మోకాళ్ళు కప్పుకున్నాడు. నా స్కానరు మెడలో కొంచెం బరువుగా తోచింది.

శనివారం పొద్దున నేనూ వాళ్ళ కార్లో ఎక్కాను. ఈసారి స్కానరుతో పాటు ప్రెషరు గేజీ కూడా తెచ్చాను. ఇంజను దగ్గర పెట్రోలు పైపుకి దాన్ని తగిలించి, రబ్బరు గొట్టం బానెటు సందులోంచి బయటికి లాగి, గేజీని ముందు అద్దం మీద వైపరుకి తీగతో కట్టాను. మామ దాన్ని చాలాసేపు చూశాడు.

“గిదేంది? పెట్రోలు బయటికి గుంజే పైపా?”

“కాదు మామా. పెట్రోలు ఎంత జోరుతో వస్తుందో చూపిస్తది.”

“అట్లనే చెప్తరు,” అని గొట్టాన్ని వేళ్ళతో ఒత్తి చూశాడు.

వెనక ఇడ్లీ డబ్బాల మధ్య ఇరుక్కుని కూర్చుని, వాళ్ళిద్దరి భుజాల మధ్యనుంచి ముల్లునే చూస్తున్నాను. బయల్దేరినప్పుడు మూడు. ఉధనా దాటాక రెండున్నర. నేను కళ్ళు నులుముకున్నాను. రెండు. అత్తమ్మ గేరు మార్చింది. ఒకటిన్నర. గ్యారేజీలో గుండ్రాయిలా నిలబడ్డ ముల్లు ఇక్కడ ఎండలో వెన్నముద్దలా జారుతోంది. వరాఛా వంతెన ఎక్కుతుండగా కారు రెండుసార్లు దగ్గి, రోడ్డు పక్కకి చేరి కన్నుమూసింది. ఏడూ పది. అత్తమ్మ స్టీరింగు మీదనుంచి చేతులు తీయలేదు. “అల్లుడా, మీ మామను మల్ల సాంచెల కాడికి పంపుతనా నేను?” అంది, అద్దంలోంచి నన్ను చూస్తూ.

మామ మాత్రం అప్పటికే కిందికి దిగాడు. ఇంజను వైపు పోలేదు, నా వైపు రాలేదు. నేరుగా పెట్రోలు మూత దగ్గరికి పోయి కూర్చుని ముళ్ళు లెక్కపెట్టాడు. “మూడు ఉన్నయి. ఎవ్వడు ముట్టలే,” అని ఊపిరి పీల్చుకుని, ఎందుకైనా మంచిదని ఒక్కొక్కటే విప్పి, రబ్బరు తీసి, ప్లాస్టిక్ తీసి (ఎన్ని వరసలో! ఉల్లిపాయ కూడా అంత పొర మీద పొర ఉండదు), మూత తిప్పాడు. హుస్స్‌మని పెద్ద చప్పుడు. ఏదో జంతువు చాలాసేపు ఊపిరి బిగబట్టి ఒక్కసారిగా గాలి పీల్చుకున్నట్టు. మామ ఉలిక్కిపడి వెనక్కి జరిగాడు. నేను అత్తమ్మతో తాళం తిప్పమన్నాను. అద్దం మీద ముల్లు ఒక్క గెంతుతో మూడుకెక్కింది. ఇంజను అందుకుంది.

“మామా, కారు ఆగినప్పుడల్లా నువ్వు గిదే చేసినవా?”

“మరి? ముందుగాల ముడి చూడనా? ఇప్పి, ఎవడన్న పెట్రోలుల ఏమన్న కలిపిండా అని చూసి, మల్ల ఇంకో వరస ప్లాస్టిక్ చుట్టి కట్టేసరికి అర్ధగంట అయితుండె. గంతల బండి సేద తీరుతుండె.”

ఇంతకాలం నాతో ‘అరగంటకు స్టార్టయ్యింది’ అన్నారే గాని, ఆ అరగంటలో ఏం జరిగిందో ఎవరూ చెప్పలేదు, నేను అడగలేదు. పిల్లలు జూసు డబ్బాను స్ట్రాతో పీలుస్తుంటే డబ్బా లోపలికి నొక్కుకుపోతుంది చూడండి, అదే ఇది. పంపు పెట్రోలు లాగుతున్నకొద్దీ ట్యాంకులోకి గాలి రావాలి. పాత కారు కదా, గాలి వచ్చే పైపు ఎప్పుడో మట్టిపట్టి మూసుకుపోయింది. గాలి పీల్చుకోవడానికి మిగిలిన ఒక్క ముక్కూ ఆ మూతలో ఉన్న చిన్న రంధ్రం. మామ ఆ ముక్కుకి గుడ్డ కట్టినట్టు ప్లాస్టిక్ కట్టాడు. కారు ఆగినప్పుడల్లా అనుమానం పెరిగింది, అనుమానంతో పాటు ఒక వరస పెరిగింది, వరస పెరిగినకొద్దీ కారు ఇంటికి దగ్గరగా ఆగింది. ఇక గ్యారేజీలోనా, ఉస్తాద్ ముక్కు పెట్టడానికి మూత తీసిన క్షణంలోనే రోగం ఎగిరిపోయేది. ఆ తర్వాత నేను ఆరోగ్యవంతుడికి ఆపరేషన్లు చేసేవాణ్ణి.

ఇదంతా మామకి చెబితే ఆయన ముఖం మరింత గట్టిపడింది. “అయితే ముడి కట్టొద్దంటవ్. పెట్రోలు ఎవడు కాయాలె? నీకు కాకా ఎంత ఇస్తనన్నడు?”

ఏడున్నర కావస్తోంది. అత్తమ్మ కిటికీలోంచి తల బయటపెట్టింది. “నా మెడల వేసిన మూడు ముళ్ళు సాలవా నీకు, కారుకు సుత వేసినవ్? ప్లాస్టిక్ అవతల పారేసి ఎక్కు!”

మామ దారం జేబులో పెట్టుకున్నాడు. ఎక్కబోతూ నా వైపు తిరిగి, కళ్ళలోకి చూశాడు. “ఒక్క మాట నిజం చెప్పు పోరడా. రెండు నెలల కింద నువ్వు సర్వీసు చేసిన సందే పెట్రోలు దిగుతున్నది. నువ్వేమన్న పీకినవా?”

నా మనసు గాయపడింది. నన్నా? స్కానర్ డాక్టర్‌నా? వెనక వేడివేడి ఇడ్లీ డబ్బా మీద చెయ్యి పెట్టి, “అన్నం మీద ఒట్టు మామా, నేనేం పీకలే,” అన్నాను. మామ ఇంకోసారి చూసి, నిట్టూర్చి, నమ్మాడు.

ఎనిమిదికి నాలుగు నిమిషాలుండగా క్యాంటీను గేటు ముందు ఆగాం. మేనేజరు గడియారం చూసుకున్నాడు, మమ్మల్ని చూశాడు, ఇడ్లీ డబ్బాను చూశాడు. “ఆజ్ టైమ్ పే? కల్ కే తో నహీ?” అన్నాడు. సమయానికొచ్చాయంటే నిన్నటివేమోనని ఆయన అనుమానం. ఒక ఇడ్లీలో వేలు గుచ్చి చూశాడు. చురుక్కున కాలి, వేలు నోట్లో పెట్టుకుని తలూపాడు. ఆర్డరు నిలిచింది. తిరుగుదారిలో అత్తమ్మ నాకు ఇడ్లీ పెట్టింది. మామ వెనక్కి తిరిగి తిరిగి రోడ్డు చూస్తూనే ఉన్నాడు, లోచో భాయ్ వెంటబడ్డాడేమోనని.

కథ ఇక్కడ ఆగితే నేను వీరుణ్ణయ్యేవాణ్ణి. పదిహేను రోజుల తర్వాత ఆ కారు ఆయిలు మార్చడానికి వచ్చింది. కామ్‌రేజ్ దాకా పోయి అప్పుడే వచ్చిన కారు. ఉస్తాద్ రేడియేటరు పైపు మీద అరచెయ్యి పెట్టి, “యే ఠండా క్యోం?” అన్నాడు. అంత దూరం నడిచిన ఇంజను ఇంత చల్లగా ఎందుకుందని. నేను గర్వంగా చెప్పాను: మామ అన్న ఆ సర్వీసులో, ఇంజను వేడెక్కేదాకా రేడియేటరు నీళ్ళను ఆపే వాల్వును నేనే తీసేశాను. సూరత్ ఎండకి చల్లనీళ్ళను ఆపే వాల్వు ఎందుకని. (నా దృష్టిలో అది పీకడం కాదు, బాగుచెయ్యడం.) ఉస్తాద్ నా మెడలో ఉన్న స్కానరునీ నన్నూ మార్చి మార్చి చూసి, మెల్లగా వివరించాడు. వాల్వు లేకపోతే ఇంజను సరిగ్గా వేడెక్కదు. వేడెక్కకపోతే కంప్యూటరు, ఇది ఇంకా చలికాలం పొద్దునే అనుకుని, ఇంజెక్టర్లతో ఎక్కువ పెట్రోలు పోయిస్తూనే ఉంటుంది. వేడి తక్కువని స్కానరు నాకు ప్రతిసారీ చూపించింది. నేను ప్రతిసారీ మురిసిపోయాను.

అంటే పెట్రోలు దొంగ మెడలో వైరు వేసుకుని తిరుగుతున్నాడన్నమాట. నా పెట్టెలో చాక్లెట్ డబ్బాలో దాచిన వాల్వును ఆ పూటే బిగించాను. మర్నాటి నుంచి ట్యాంకు మళ్ళీ వారం వచ్చింది. “చూసినవా, దొంగ బెదిరిండు,” అన్నాడు మామ. నేను తలూపాను.

ఇప్పుడు నాకు అమ్రోలిలో సొంత షెడ్డుంది. స్కానరు మెడలో వేసుకోను, ముందు మూత తీసి వినడం నేర్చుకున్నాను. మామ జీవితంలో ఎన్నో అనుమానాలు పడ్డాడు, వాటిలో నిజమైనది ఒక్కటే, ఒట్టు పెట్టి ఆ ఒక్కదాన్నే మాన్పించిన ఘనత నాది. (ఈ సంగతి ఆయనకి ఇంకా చెప్పలేదు. ఆయన అక్షరాలు కూడబలుక్కుని చదువుతాడు, ఇక్కడిదాకా రావడానికి రెండు రోజులైనా పడుతుంది.) బమ్రోలి పోయినప్పుడల్లా విజిల్ కాకాని పిలిచి చాయ్ తాగిస్తాను. ఈ పిల్లవాడికి నామీద ఇంత ప్రేమేమిటని కాకా కప్పు అంచుమీదుగా నన్ను అనుమానంగా చూస్తాడు. “తూనే కుఛ్ కియా హై క్యా?” అని, నువ్వేమన్నా చేశావా అని, ప్రతిసారీ అడుగుతాడు. “లేదు కాకా,” అంటాను, ఆ రోజు ఇడ్లీ డబ్బా మీద చెయ్యి పెట్టినప్పటంత ధీమాగా. చెయ్యి మాత్రం ఇప్పటికీ కొంచెం చురుక్కుమంటుంది.