జనవరిలో లెక్కపెట్టమన్న అంకుల్

మా పక్కింటి అంకుల్ పోయారు. క్రిస్మస్ వెళ్ళిన రెండు మూడు రోజులకి, పొద్దున్నే ఆయన కూతురు ఫోన్ చేసి, "అక్కా, డాడీ లేవట్లేదు" అంది. ఆ పిల్ల నర్సు. లేవట్లేదంటే ఏమిటో నాకంటే తనకే బాగా తెలుసు. అయినా ఆ మాటే అంది. కోటు కూడా వేసుకోకుండా ఆ చలిలో పరిగెత్తాను. నిద్రలోనే ప్రభువు పిలుచుకున్నారు. ఎవరో అడిగినదానికి జవాబు చెప్పబోతున్నట్టే ఉంది ఆయన మొహం. జవాబు చెప్పడమంటే ఆయనకి అంత ఇష్టం మరి.

మీలో చాలామందికి ఆయన తెలియదు. ఇక్కడ వర్జీనియాలోని హెర్న్‌డన్‌లో మా తెలుగు క్రైస్తవ ఫెలోషిప్‌కి వచ్చేవాళ్ళందరికీ ఆయన అంకులే. నేనూ అంకుల్ అనేదాన్ని, నా పిల్లలూ అంకుల్ అనే అనేవాళ్ళు, వరస ఎలా కుదిరిందో ఎవరూ ఆలోచించలేదు. ఇక్కడా అలాగే రాస్తాను. పేరు పెట్టి రాస్తే ఇంకెవరి గురించో రాస్తున్నట్టుంటుంది.

కెనడా నుంచి వచ్చారాయన. "కెనడాలో ఏ సిటీ అంకుల్?" అని ఎవరైనా అడిగారా, ఇక కాఫీ కప్పు కింద పెట్టేసేవారు. "సిటీ కాదమ్మా, టౌన్. నేనున్నన్నాళ్ళూ టౌనే." తర్వాత అరగంట మనం కదలడానికి లేదు. పుట్టింది బాపట్ల దగ్గర. ఆంటీకి ఆల్బెర్టాలో ఒక చిన్న ఊరి ఆసుపత్రిలో నర్సు ఉద్యోగం వస్తే, ఆవిడ వెనకాల వెళ్ళారు. ఆ ఊరి టౌన్ ఆఫీసులో మొదట నీళ్ళ బిల్లులు కట్టించుకునే కౌంటర్‌లో కూర్చున్నారు. తర్వాత జనాభా లెక్కల పని అప్పజెప్పారు. ఆ పని ఆయన ఒంటికి పట్టేసింది. మా ఇంటికి ఎవరైనా కొత్తవాళ్ళు భోజనానికొస్తే, పేరు అడిగే ముందు "ఇంట్లో ఎంతమంది ఉంటారు?" అని అడిగేవారు. నేను తల పట్టుకునేదాన్ని.

ఊరు సిటీ ఎలా అవుతుందో నాకు ఎన్నిసార్లు చెప్పారో! ఇప్పుడు నిద్రలో లేపి అడిగినా చెప్పగలను. "మా ప్రావిన్స్‌లో మూడొందలమంది ఉంటే విలేజ్ కావచ్చు, వెయ్యిమంది ఉంటే టౌన్ కావచ్చు, పదివేలమంది ఉంటే సిటీ కావచ్చు. అయితే పదివేలు దాటగానే ఎవరూ వచ్చి బోర్డు మార్చరమ్మా. కౌన్సిల్ కూర్చుని, మాకు కావాలి అని తీర్మానం చేసి మంత్రిని అడగాలి. మంత్రి సరేనని పైకి సిఫారసు చేస్తే అప్పుడు ఆర్డర్ వస్తుంది. అడక్కపోతే ముప్ఫైవేలమంది ఉన్నా టౌనే. అలాంటి ఊళ్ళున్నాయి, హాయిగా ఉన్నాయి."

అందుకే హెర్న్‌డన్ ఆయనకి మొదటిరోజే నచ్చేసింది. ఇంతమంది జనం, ఇన్ని ఆఫీసులు, మెట్రో కూడా వచ్చేసింది, అయినా పేరుకి ఇంకా టౌనే. పార్క్ దగ్గర బోర్డు చూసి వచ్చి నాకేదో శుభవార్త చెప్పినట్టు చెప్పారు. పదేళ్ళనుంచీ ఇక్కడున్నాను, ఆ బోర్డు నేనెప్పుడూ చదవలేదు.

ఆయన ఊళ్ళో సిటీ గొడవ చాలా ఏళ్ళు నడిచిందట. సిటీ అయితే హోటళ్ళొస్తాయి, కంపెనీలొస్తాయి, మ్యాప్‌లో చుక్క పెద్దదవుతుందని కొందరు. వద్దని కొందరు. ఊరి మధ్యలోంచి హైవే పోతుంది. టౌన్‌గా ఉన్నన్నాళ్ళూ దాని మంచు ప్రావిన్స్ వాళ్ళు తోస్తారు. సిటీ అయితే ఆ రోడ్డు మనది, దాని మీద మంచూ మనదే. "హోదా కావాలా అంటే అందరూ చెయ్యెత్తుతారు. మంచు ఎవరు తోస్తారు అంటే ఎవడూ ఎత్తడు" అని నవ్వేవారు అంకుల్. మా ఆఫీసులో ఎవరికి ప్రమోషన్ వచ్చినా నాకు ఈ మాటే గుర్తొస్తుంది.

ఆ జనాభా లెక్కలో ఆయనే ఒకసారి తప్పు చేశారు. ఆ సంగతి ఆయనకై ఆయనే చెప్పుకునేవారు, అదీ తెగ సరదాగా. ఊరి చివర ట్రైలర్లలో, అంటే చక్రాల మీది ఇళ్ళలో, ఆయిల్ బావుల పనికొచ్చినవాళ్ళు ఉండేవారు. ఇంటింటికీ తిరుగుతూ వాళ్ళనీ రాసేసుకున్నారు. లెక్క పదివేలు దాటింది. ఆఫీసులో డోనట్లు పంచారు. తీరా పైవాళ్ళు "వీళ్ళ ఇళ్ళెక్కడ?" అని అడిగారు. ఒకడిది దేశానికి ఆ చివర, ఇంకొకడిది ఈ చివర. పని అయిపోగానే ట్రైలర్లతో సహా వెళ్ళిపోయారు. "అంత జనం ఒక్క వారంలో మాయం. నేను మళ్ళీ బూట్లేసుకుని మొదటి వీధినుంచి మొదలెట్టా" అనేవారు.

ఆంటీ అక్కడే పోయారు. కూతురికి వర్జీనియాలో ఉద్యోగం వస్తే అంకుల్ తనతో వచ్చేశారు. వచ్చాక కొన్నాళ్ళకి, నిజంగానే జనం పెరిగి, అడిగి, ఆ ఊరు సిటీ అయింది. పాత కొలీగ్ ఎవరో ఫోన్ చేసి చెప్పారట. సాయంత్రం పెద్ద కేకు పట్టుకుని మా గుమ్మంలో నిలబడ్డారు. "మా ఊరు సిటీ అయిందమ్మా!" ఆ ఊరు మ్యాప్‌లో ఎక్కడుందో మాకెవరికీ తెలియదు. అయినా కేకు కోశాం, చప్పట్లు కొట్టాం. తనుండగా అవలేదే అన్న బాధ ఆయన మొహంలో వెతికాను. ఏ కోశానా లేదు.

అయితే ఆంటీని మట్టి చేసిన రోజు సంగతి మాత్రం ఒక్కసారే చెప్పారు, నవ్వకుండా చెప్పారు. అక్కడి పాస్టర్ మంచివాడట. కానీ ఆంటీ పేరు ఆయనకి నోరు తిరగలేదు. ప్రార్థనలో నాలుగుసార్లు నాలుగు రకాలుగా అన్నాడట. "ఇంకెవరినో పాతిపెడుతున్నారు, నేను పొరపాటున ఇక్కడికొచ్చాను అనిపించిందమ్మా" అన్నారు. మాకొక తెలుగు సంఘం ఉండాలని, తెలుగు పాస్టర్ గారు ఉండాలని అంకుల్ ఎందుకంత పట్టుదలగా ఉండేవారో ఆరోజు అర్థమైంది.

అప్పటికి మేము వట్టి ఫెలోషిప్పే. ఒక అమెరికన్ చర్చి వాళ్ళు దయతో ఇచ్చిన హాల్లో ఆదివారం మధ్యాహ్నాలు కూడుకునేవాళ్ళం. సెమినరీలో చదువుతున్న ఒక యువ పాస్టర్ గారు వాక్యం చెప్పేవారు. ఆయనది స్టూడెంట్ వీసా, కోర్సు వచ్చే మే నెలతో అయిపోతుంది. ఆయన్ని ఉంచుకోవాలంటే మేము వీసా స్పాన్సర్ చేయాలి. స్పాన్సర్ చేయాలంటే ఫెలోషిప్‌గా ఉంటే కుదరదు, చర్చి కావాలి. మేము చేరాలనుకున్న సంఘాల కూటమి వాళ్ళ నియమం ఏమిటంటే, ఏడాది పొడుగునా ఇక్కడ ఉండే సభ్యులు వందమంది ఉండాలి. ఉన్నా వాళ్ళంతట వాళ్ళు చర్చి అని పిలవరు, మేమే కూర్చుని తీర్మానించి అడగాలి. ఈ నియమం వినగానే అంకుల్ కళ్ళు మెరిశాయి. "అచ్చం మా ఊరే!" అన్నారు.

జులైలో లెక్కపెట్టాం. లెక్కపెట్టింది మా ఆయనే. హాలు కిటకిటలాడుతోంది, కుర్చీలు చాల్లేదు. వంద ఎప్పుడో దాటిపోయింది. ఎవరో పరిగెత్తి కేకు తెచ్చారు. చర్చి అని పెద్ద అక్షరాలతో బ్యానర్ ఆర్డర్ చేద్దామని ఫోన్లు తీశారు. అప్పుడు అంకుల్ లేచి, మా ఆయన భుజం మీద చెయ్యేసి మెల్లగా అడిగారు.

"బాబూ, ముందు రెండు వరసలవాళ్ళ రిటర్న్ టికెట్లు ఎప్పటికి?"

అందరం ముందు వరసల వైపు చూశాం. అందరూ అమ్మానాన్నలే. పట్టుచీరలు, ఒళ్ళో పెద్దక్షరాల బైబిళ్ళు, కాళ్ళకి పిల్లలు కొనిచ్చిన స్నీకర్లు. ఎండాకాలం గడపడానికి విజిటర్ వీసాల మీద వచ్చినవాళ్ళు. మా అత్తగారూ వాళ్ళలోనే ఉన్నారు.

"వాళ్ళూ దేవుని బిడ్డలే కదా అంకుల్?" అన్నారు ఒక సంఘ పెద్ద, కొంచెం కోపంగానే.

"దేవుని బిడ్డలేనయ్యా, ఎవరు కాదన్నారు? కానీ అక్టోబర్‌కల్లా విజయవాడలో ఉంటారు. నా ట్రైలర్లవాళ్ళు నాకు బాగా గుర్తున్నారు. జనవరిలో లెక్కపెట్టండి."

కేకు తిన్నాం కానీ ఎవరికీ రుచించలేదు. కెనడా రూల్స్ ఇక్కడెందుకని కార్ పార్కింగ్‌లో గొణుక్కున్నారు. పాస్టర్ గారు వెళ్ళిపోతే ఈయనదే బాధ్యత అన్నవాళ్ళూ ఉన్నారు. మా ఆయనైతే మూతి ముడుచుకుని కొన్నాళ్ళు ఆయనతో మాట్లాడలేదు. అంకుల్ అవేవీ పట్టించుకోలేదు. రోజూలాగే సాయంత్రం వచ్చి, మాట్లాడని మనిషి ఎదురుగానే కూర్చుని, కాఫీ తాగి వెళ్ళేవారు. నాకు మాత్రం భయంగా ఉండేది. అందరికంటే ఎక్కువగా ఆ చర్చి కావాలనుకున్న మనిషి ఆయనే, ఆయనే దానికి అడ్డం పడ్డారు. నిజంగా జనవరికి వంద లేకపోతే ఎలా?

ఒకరోజు కాఫీ తాగుతూ, "బాబూ, వెనక కాఫీ బల్ల దగ్గర నిలబడేవాళ్ళని ఎందుకు లెక్కపెట్టలేదు?" అన్నారు.

ఎం.ఎస్. చేస్తున్న స్టూడెంట్స్ సంగతి అది. మా ఆయన మౌనవ్రతం అక్కడితో చెదిరిపోయింది. "వాళ్ళు టెంపరరీ అంకుల్. జాబ్ రాగానే కాపెల్‌కో జెర్సీ సిటీకో మూవ్ అయిపోతారు."

"పోయినప్పుడు తీసేద్దాం. ఇవాళ ఎక్కడ తింటున్నారు, ఎక్కడ పడుకుంటున్నారు? ఇక్కడే కదా? మరి ఇక్కడివాళ్ళే. లెక్కకి అంతే కావాలి."

మా హాల్లో ముందు కూర్చోబెట్టి మర్యాద చేసినవాళ్ళు ఇక్కడివాళ్ళు కారు. వెనక నిలబెట్టి పట్టించుకోనివాళ్ళు ఇక్కడివాళ్ళు. ఇది మాకెవరికీ తట్టలేదు. ఆ శనివారం నుంచీ అంకుల్ పాత వ్యాన్‌లో పప్పుచారు, కోడిగుడ్ల వేపుడు డబ్బాలు పెట్టుకుని స్టూడెంట్స్ అపార్ట్‌మెంట్లకి తిరగడం మొదలుపెట్టారు. నేనూ రెండు మూడుసార్లు వెంట వెళ్ళాను. చర్చికి రమ్మని ఒక్క మాట అనేవారు కాదు. తిన్నారా, ఇంట్లో ఎంతమంది, హీటర్ పనిచేస్తోందా, అంతే. హీటర్ పాడైతే అపార్ట్‌మెంట్ ఆఫీసుకి వెళ్ళి కూర్చునేవారు, బాగయ్యేదాకా లేచేవారు కాదు. అంగుళం మంచు పడితే స్కూళ్ళు మూసే వర్జీనియాని చూసి నవ్వుకుంటూ, ఆ మంచులోనే డబ్బాలు చేర్చేవారు. అప్పటికే అక్టోబర్‌లో అమ్మానాన్నలు విమానాలెక్కేశారు. ముందు వరసలు ఖాళీ అయ్యాయి. కానీ వెనక నిలబడేవాళ్ళు ఒక్కొక్కరే ముందుకొచ్చి కూర్చోవడం మొదలుపెట్టారు.

ఖమ్మం నుంచి వచ్చిన ఒక అమ్మాయి అంకుల్ పోయిన రోజు నా భుజం మీద పడి ఏడ్చింది. "మమ్మల్ని ఇక్కడోళ్ళు అన్నది అంకుల్ ఒక్కరే అక్కా. మేం ఏడికి పోయినా, ఏ ఫామ్ నింపినా టెంపరరీ అనే రాస్తం కదా" అంది.

ఆయన్ని మట్టి చేసిన రోజు చాలా చలిగా ఉంది. ఆ స్టూడెంట్సే పెట్టె మోశారు. తెలుగు పాటలు పాడాం. పాస్టర్ గారు ఆయన పేరు ఇంటిపేరుతో సహా ఒక్క అక్షరం పోకుండా పలికారు. అది వింటుంటే ఏడుపుతో పాటు నాకు సంతోషమూ వచ్చింది, దాచుకోను. ఆయన కోరుకున్నది ఆయనకి దక్కింది. అదే ఆయన కూతురితో అంటే, "అవునక్కా, డాడీ చెవులు రిక్కించి వినే ఉంటారు" అంది.

జనవరిలో లెక్కపెట్టాం. మా ఆయన నావల్ల కాదని పెన్ను నా చేతిలో పెట్టారు. మిమ్మల్ని ఊరించడం ఎందుకు, లెక్క సరిపోయింది, వందకి పైనే వచ్చింది. అడిగాం. ఒప్పుకున్నారు. వీసా కాగితాల పని మొదలైంది, పాస్టర్ గారు మాతోనే ఉంటారు. ఈ మేలు అంకుల్‌ది. జులై లెక్కతో వెళ్ళి ఉంటే చలికాలంలో ఖాళీ కుర్చీలు చూపించి మాట పోగొట్టుకునేవాళ్ళం. వెనక నిలబడ్డవాళ్ళు ఎవరో మాకు ఎప్పటికీ తెలిసేది కాదు.

ఆ ఆదివారం ఒక్కో వరస దగ్గర ఆగి, "మీ ఇంట్లో ఎంతమంది?" అని అడుగుతూ వెళ్ళాను. పిల్లల గోలలో మాట వినపడక అందరూ వేళ్ళు చూపిస్తున్నారు. నాలుగు. ఐదు. ఒకే అపార్ట్‌మెంట్‌లో ఉండే అబ్బాయిలు నవ్వుతూ రెండు చేతులూ ఎత్తారు. అంకుల్ కూతురు కిటికీ పక్కన కూర్చుంది. అడక్కుండా దాటిపోదామనుకున్నాను. కానీ అలా దాటితే తననీ లెక్కలోంచి తీసేసినట్టే. అడిగాను. అలవాటుగా రెండు వేళ్ళు పైకి లేచాయి. తను వాటి వైపు చూసుకుంది. ఒకటి మెల్లగా ముడిచింది.

నేను రాసుకుని పక్క వరసకి వెళ్ళిపోయాను. చివరి వరస దాకా వెళ్ళి వెనక్కి తిరిగి చూస్తే, ఆ ఒక్క వేలూ ఇంకా పైకే ఉంది.