గోడమీది నాయన

మదనపల్లె నుంచి కుప్పం వెళ్లే బస్సులో నా పక్కన కూర్చున్న సన్నటి మనిషి, తాను సినిమాల్లో వేషాలు వేస్తానన్నాడు. అన్నీ చిన్న సినిమాలు, హాలుదాకా వచ్చేవే తక్కువ. పదేళ్లుగా ఆయనది ఒకటే వేషం. కథలో చనిపోయిన తండ్రిగా, దండ వేసిన ఫోటోలో గోడమీద ఉండటం.

"మాట్లాడే వేషం ఒగటీ రాలేదప్పా" అని నవ్వాడు.

బైరెడ్డిపల్లెలో బస్సు చెడిపోయింది. "ఈడ తెలిసినోళ్ల ఇల్లుండాది, రోంత తినేసి వస్తాం రాప్పా" అని తీసుకెళ్లాడు. ఎప్పుడో ఆ ఇంట్లోనే షూటింగు జరిగిందట.

లోపల గోడమీద ఆయన ఫోటో ఉంది. దానికి తాజా కనకాంబరాల దండ, ముందు వెలుగుతున్న దీపం. మా కాకినాడలో బతికున్నవాడి ఫోటోకి దండ వేస్తే తన్నుకుంటారు. నా మొహం చూసి ఇంటావిడే చెప్పింది.

"షూటింగోళ్లు మర్సిపోయి పాయిరి. దీపం పెట్టిన పటాన్ని యాల దించేదప్పా? ఇంటికి పెద్దదిక్కుగా ఉండాడు."

"మరి ఈయన?" అన్నాను.

"ఈయప్పా? అప్పుడప్పుడూ వస్తాంటాడు."

ముందు పటం దగ్గర సంగటి ముద్ద పెట్టింది. అందాకా ఆయన తన కంచం ముట్టుకోలేదు. మేం తింటుండగా ఆవిడ పటం వైపు తిరిగి అడిగింది.

"ఇంగ రోంత పెట్టేదా నాయనా?"

"సాలమ్మా" అన్నాడు కింద కూర్చున్న ఆయన, తలెత్తకుండానే.