అరువు బాబాయ్

లారూసీకి పిల్లల్లేరు. అయినా ఆ గనుల ఊరి బడిలో నలభైమందికి పైగా పిల్లలకు ఆయన బాబాయ్. ఫాస్ఫేట్ గనిలో ఊపిరితిత్తులు పాడుచేసుకుని ఇంటికొచ్చిన నాటి నుంచి బడి ఎదుటి కాఫీ దుకాణంలోనే ఆయన పొద్దు గడిచేది. "రేపు మీ పెద్దవాళ్ళను తీసుకురా" అన్న చీటీ అందుకున్న పిల్లలు, తండ్రి బెల్టుకు భయపడి, తిన్నగా ఆయన బల్ల దగ్గరికి వచ్చేవాళ్ళు. ఒక గ్లాసు ఎర్ర టీ ఇప్పిస్తే చాలు, బాబాయ్‌నంటూ వెంట వెళ్ళేవాడు.

ఆ పనిలో ఆయనకో పద్ధతి ఉండేది. హెడ్మాస్టరు గదిలో అడుగుపెడుతూనే పిల్లవాడి మెడ మీద ఒకటి వేసి, "వీడి తోలు వలుస్తాను సార్, నాకొదిలెయ్యండి" అని అరిచేవాడు. పిల్లవాడు నోరు తెరిస్తే నొక్కేసేవాడు. ఆ కోపం చూసి హెడ్మాస్టరు సీ బెచీర్ చల్లబడేవాడు. మూడు రోజులు బడికి రావద్దనడంతో సరిపోయేది. చూపించిన చోట లారూసీ తన పేరు గీకేవాడు. అంతకుమించి ఆయనకు చదవడం, రాయడం రాదు.

దుహా అనే అమ్మాయి వచ్చింది ఏప్రిల్లో. బడి చివరి పరీక్షకు ఇంకా రెండు నెలలే ఉన్నాయి.

"లెక్కల సారు ఆర్నెల్లుగా రావట్లేదని గోడ మీద ఎవరో రాశారు బాబాయ్. నేనే అంటున్నారు. కాపలావాడు వెనకనుంచి నీలం కోటు చూశాడట."

"ఆడపిల్లలందరూ నీలం కోట్లేగా వేసుకునేది! వాడేమన్నా వీపుల మీద పేర్లు చదివాడా?"

"అదే చెబుదామని. కానీ మా నాన్నకు తెలిస్తే చదువు మాన్పించేస్తాడు."

"నువ్వు తల దించుకుని నిలబడు తల్లీ. మిగతాది నాకొదిలెయ్."

మర్నాడు గదిలో సీ బెచీర్ పక్కన మరో ముగ్గురు ఉపాధ్యాయులు కూర్చుని ఉన్నారు. అంతమందిని చూసి లారూసీ గొంతు ఇంకాస్త పెంచాడు.

"సార్, ఒక్క మాట చెప్పుకోనివ్వండి, ఆ రోజు నేను..." అంది దుహా.

"నోర్ముయ్! పెద్దలముందు ఎదురు మాట్లాడతావా? ఇంటికి పద, నీ పని చెప్తా!" అన్నాడు లారూసీ.

సీ బెచీర్ తల ఊపి కాగితం జరిపాడు. లారూసీ పేరు గీకాడు.

గేటు బయట దుహా ఆ కాగితం రెండుసార్లు చదివింది. "ఇది మూడు రోజులు కాదు బాబాయ్. బడినుంచి తీసేశారు. నేను తప్పు ఒప్పుకున్నానట. మా వాళ్ళకు అభ్యంతరం లేదట."

లారూసీ దగ్గుతూనే వెనక్కి పరుగెత్తాడు. "సార్, నేను దాని బాబాయ్‌ని కాను. నా సంతకం చెల్లదు."

సీ బెచీర్ నవ్వలేదు. "నాకు తెలియదా? ఒక మనిషికి అన్ని ఇళ్ళలో అన్నదమ్ములుంటారా? కన్నతండ్రులొస్తే ఎవరు చూశారు, సాక్ష్యమేది అని ప్రాణం తీస్తారు. నువ్వు ఆ గొడవ పెట్టవు. ఇప్పుడు బాబాయ్‌ని కానని రాసిస్తే, పెద్దదిక్కు పేరుతో మోసం చేసిందని రెండో నేరం కూడా రాస్తాను. రాసిస్తావా?"

లారూసీ రాసివ్వలేదు.

గేటు దగ్గర దుహా అక్కడే నిలబడి ఉంది. ఆయన మొహం చూడగానే లోపల ఏమన్నారో ఆమెకు తెలిసిపోయింది.

"లోపల ఏదో చెప్పబోయావు, ఏమిటమ్మా అది?"

"గోడ మీద రాసిన పొద్దున నేను బడికే రాలేదు. తమ్ముడికి జ్వరమైతే ఆస్పత్రికి తీసుకెళ్ళా." ఆమె జేబులోంచి ముద్ర వేసిన చీటీ తీసింది. "ఇందులో తేదీ, గంట కూడా ఉన్నాయి. గదిలో దీన్ని చేతిలోనే పట్టుకుని నిలబడ్డా. ఇప్పుడు చూపిస్తే, తప్పు ఒప్పుకున్నట్టు కాగితం ఉందంటారు."

లారూసీ ఆ చీటీ అందుకుని ముద్ర వైపు చాలాసేపు చూశాడు. ఇమ్మని ఆమె అడిగేదాకా తిరిగి ఇవ్వలేదు.