పెళ్ళికొడుక్కి వేసిన పొడుపుకథ

పొడుపుకథ అనే మాట పొడవడంలోంచి పుట్టిందని మా వీధి పంతులుగారు అరుగు మీద కూర్చుని చెబుతుంటే విన్నాను. ఒకరు ప్రశ్న వేసి పొడిస్తే, రెండోవారు దాని ముడి విప్పాలట. బాగానే ఉంది. ఆ పోటు ఎవరికి తగులుతుందో మాత్రం ఆయన చెప్పలేదు. నేను చెబుతాను.

మాది రాజమహేంద్రవరంలో బట్టల వ్యాపారం. అక్క పెళ్ళికి మగపెళ్ళివారు కడియం నుంచి కాలువలో పడవెక్కి వచ్చారు. అక్కకు పదేళ్ళు, పెళ్ళికొడుక్కి పద్నాలుగు. నేను ఇంకా చిన్నదాన్ని. బువ్వపు బంతిలో వధూవరులను పక్కపక్కన కూర్చోబెట్టి, ఆడపెళ్ళివారి ఆడవాళ్ళు పెళ్ళికొడుక్కి పొడుపుకథ వేయడం మాలో ఆనవాయితీ. విప్పేదాకా విస్తట్లో చెయ్యి పెట్టనివ్వరు.

మా మేనత్త అడిగింది. "పగలంతా వెంట తిరుగుతుంది, దీపం ఆర్పితే జాడ లేకుండా పోతుంది. ఏంటో చెప్పండి అబ్బాయిగారూ."

అతనికి తోచలేదు. చెవులు ఎర్రబడ్డాయి. బంతి బంతంతా నవ్వడం మొదలుపెట్టింది. పాపం, అక్కకు జాలేసింది. వంచిన తల ఎత్తకుండానే "నీడ" అని మెల్లగా అందించింది. సరిగ్గా అప్పుడే నవ్వులు ఆగాయి. ఆ మాట అందరికీ వినబడింది.

పెళ్ళికొడుకు తల్లి విస్తరి ముందు నుంచి లేచి నిలబడింది. "మా గడప తొక్కకముందే మావాడి పరువు తీసిందండి మీ పిల్ల. ఈ నోరు మా ఇంట్లో చెల్లదు."

అందులో పోయిన పరువేమిటి? చిన్నపిల్ల, తోడు కూర్చున్నవాడికి సాయం చేసింది. ఆ మాట అనడానికి మావాళ్ళలో ఒక్కరికీ నోరు పెగల్లేదు. అమ్మయితే అక్క తొడ మీద గిల్లి మరీ, ఆవిడ కాళ్ళు పట్టించింది. తలుచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు మండిపోతుంది.

కాపురానికి వెళ్ళాక అక్కను ఏళ్ళ తరబడి పుట్టింటికి పంపలేదు. చివరికి తొలి కాన్పుకి వచ్చింది, వెంట అత్తగారు కూడా. ఆ సాయంత్రం పెరట్లో ఇద్దరం జాజిమొగ్గలు కోస్తున్నాం. నేను సంబరం పట్టలేక అడిగాను. "అక్కా, నీళ్ళలో పుట్టేది, నీళ్ళు తగిలితే చచ్చేది, ఏంటో చెప్పు."

అక్క వంటింటి గుమ్మం వైపు చూసింది. అక్కడ అత్తగారు పీట వేసుకుని కూర్చుని ఉంది.

"నాకు తెలీదే" అంది.

దానికి జవాబు ఉప్పు. ఆ కథ నాకు నేర్పింది అక్కే.