ప్యావిడ్, రెండో అర్థం

కొందరికి కుక్కలంటే భయం, కొందరికి ఉరుములంటే భయం. ఆల్మా ట్రూడెల్‌కు ఒక సొరుగంటే భయం. ఆమె పనిచేసే నిఘంటువు ఆఫీసులో, రెండో అంతస్తులో, కిటికీ వైపు వరుసలో, కింది నుంచి నాలుగో సొరుగు. ఏ మాట చీటీలు ఏ సొరుగులో ఉన్నాయో కళ్లు మూసుకుని చెప్పగలిగే మనిషి, ఆ ఒక్క సొరుగును మాత్రం ఇరవై తొమ్మిదేళ్లలో ఒక్కసారీ తెరవలేదు. అందులోంచి ఏదైనా కావలసివస్తే మోకాలు నొప్పి అనో, చేతిలో పనుందనో చెప్పి పక్క బల్ల వాండాను పంపేది. వాండా గొణుక్కుంటూనే వెళ్లేది.

చీటీ అంటే మామూలు కాగితం ముక్క కాదు అక్కడ. ఎవరు ఏ మాటను ఎలా వాడారో ఆ వాక్యమూ, పుస్తకం పేరూ, పేజీ నంబరూ అన్నీ రాసి పెట్టిన చిన్న అట్టముక్క. చీటీ ఉంటేనే అర్థం. చీటీ లేని అర్థం ఎంత ముచ్చటగా ఉన్నా అచ్చుకెక్కదు. ఆఫీసులో మాట్లాడకూడదని ఎక్కడా రాసిపెట్టలేదు గానీ ఎవరూ మాట్లాడరు. పక్క కుర్చీలో మనిషికి ఏదైనా చెప్పాలన్నా గులాబీరంగు కాగితం మీద రాసి పంపుతారు. మాటలతో బతికే ఇంతమంది నోరు మూసుకుని కూర్చోవడం చూస్తే కొత్తవాళ్లకు నవ్వు వస్తుంది, నెల తిరిగేసరికి వాళ్లకీ అలవాటవుతుంది.

ఫిబ్రవరిలో ఒక సోమవారం పొద్దున ఆల్మా బల్ల మీదికి అలాంటి గులాబీ కాగితమే వచ్చింది. పంపింది మిస్టర్ పెక్. నౌకాదళం నుంచి వచ్చిన మనిషి, కొత్త ముద్రణకు పనికిరాని మాటలు ఏరిపారేసే పని ఆయనది.

"ప్యావిడ్. రెండో అర్థానికి ఆధారం ఒకే ఒక్క చీటీ. పుస్తకం బోస్టన్ నుంచి తెప్పిస్తున్నాను. శుక్రవారం మీరూ నేనూ కలిసి సరిచూద్దాం. చీటీల కట్ట సొరుగులోనే ఉంది. – పెక్."

ఆల్మా కాగితాన్ని మడిచి, మళ్లీ విప్పి, మళ్లీ మడిచింది. ఇరవై తొమ్మిదేళ్లుగా ఎదురుచూస్తున్న రోజు వచ్చేసిందని ఆమెకు అర్థమైంది.

ఆ ఇంగ్లీషు మాట మామూలు జనం నోట వినపడేది కాదు. లాటిన్ చదివినవాళ్లు రాసిన పాత పుస్తకాల్లో ఎక్కడో ఒకచోట తగులుతుంది. మొదటి అర్థం, భయపడిన. ఎలుగుబంటి ఎదురుపడితే ఎంతటి మొనగాడైనా ఆ పూటకు ప్యావిడే. రెండో అర్థం, పుట్టుకతోనే బెదురు స్వభావం గల. ఎలుగుబంటి లేకపోయినా, అసలు అడవే లేకపోయినా. మనిషికి వాడొచ్చు, కుందేలుకు వాడొచ్చు. పిడుగుకు మాత్రం వాడకూడదు. భయపెట్టేదానికి కాక భయపడేదానికే చెందిన మాట అది. ఆల్మాకు ఈ సంగతులన్నీ ఇరవై రెండేళ్ల వయసు నుంచీ తెలుసు.

అప్పుడు ఆమె టైపిస్టు. చేరి రెండో నెల. వాళ్ల ఇంట్లో మిల్లుకు వెళ్లకుండా కుర్చీలో కూర్చుని జీతం తెచ్చే మొదటి మనిషి ఆమే. తల్లి వీధిలో కనపడిన ప్రతివాళ్లకూ ఆ సంగతి చెప్పుకునేది. పెద్ద సంపాదకుడు మిస్టర్ థ్రాల్ చేత్తో రాసిన చీటీలను శుభ్రంగా టైపు చేసి పెట్టడం ఆల్మా పని. చీటీ గుమ్మం దాటకూడదన్నది ఆఫీసులో మొట్టమొదటి కట్టుబాటు. ఒక శనివారం ఈ ప్యావిడ్ చీటీ చూసి, తనమీదే రాసినట్టుందే అని ముచ్చటపడి, ట్రాములో ఇంకోసారి చదువుకుందామని గౌను జేబులో వేసుకుంది. సోమవారం పొద్దునే తల్లి ఆ గౌనును తొట్టెలో వేసి ఉతికేసింది.

"అమ్మా, జేబులో కాగితం ఉండాలే!"

"కాగితమా? ఇదిగో, ఈ పిండిముద్దేనా? జేబులు చూసుకోవద్దూ పిల్లా! ఏంటలా తెల్లబోయావు, అదేమన్నా పోప్‌గారి ఉత్తరమా?"

వెళ్లి థ్రాల్‌కు చెప్పేస్తే సరిపోయేది. ఇలా అనడం మనకు తేలిక. ఆయనకు గుబురు కనుబొమ్మలు, గంభీరమైన మొహం. చీటీ గుమ్మం దాటించిన పిల్లను ఆ పూటే పంపేస్తారనీ, మర్నాటి నుంచి మిల్లు కూతకు లేవాలనీ ఆల్మా అనుకుంది. చీటీలో మాట గుర్తుంది, వాక్యమూ పుస్తకమూ సరిగ్గా గుర్తులేవు. అందుకని వాక్యాన్ని తనే అల్లింది. "మా చిన్నక్క ప్యావిడ్ పిల్ల. మెట్ల మీద అడుగు పడకముందే అడుగు చప్పుడు వినేది." కింద లేని పాస్టరు పేరొకటి, లేని ఉత్తరాల పుస్తకం పేరొకటి, పేజీ నూటపన్నెండు అని. మూలన, ఆనవాయితీ ప్రకారం, టైపు చేసినవారి పొడి అక్షరాలు ఏ.టి.

ఆరేళ్లకు నిఘంటువు అచ్చయి వచ్చింది. ఆల్మా ఆ పేజీ తీసి చూసింది. ప్యావిడ్‌కు రెండో అర్థం ఉంది. తను అల్లిన అబద్ధం మీదే దాన్ని నిలబెట్టారనుకుని పుస్తకం మూసేసింది. ప్రతి నెలా చర్చికి వెళ్లి ఫాదర్‌తో తన పాపాలు చెప్పుకునేది. వదినను విసుక్కున్నాను, మాంసం ముట్టకూడని శుక్రవారం పొరపాటున తిన్నాను అంటూ. ఈ ఒక్కటీ నోటిదాకా వచ్చి లోపలికి పోయేది.

భయం మనిషిని ఊరికే కూర్చోనివ్వదు, కాపలా పనికి పెట్టుకుంటుంది. థ్రాల్ రెండుసార్లు ఆమెను అర్థాలు రాసేవాళ్ల జాబితాలోకి తీసుకుందామని కబురు పెట్టాడు. మిల్లు వీధి అమ్మాయికి అంత పిలుపు రావడం చిన్న విషయం కాదు. రెండుసార్లూ ఆల్మా వద్దంది. పైకి వెళితే తన పాత చీటీలన్నీ తిరగేస్తారని ఆమె లెక్క. ప్రతి సెప్టెంబరులో థ్రాల్ తన పెరటి చెట్టు బేరిపండ్లు నాలుగు తెచ్చి, ఏమీ అనకుండా ఆమె బల్ల మీద పెట్టి కాసేపు అక్కడే నిలబడేవాడు. ఆయన ఎందుకు నిలబడుతున్నాడో ఆలోచిస్తేనే ఆమెకు చెమటలు పట్టేవి. తల ఎత్తకుండా టైపు కొట్టేది. ఆయన వెళ్లగానే పండ్లు వాండా సంచీలో వేసేది. ఆయన పోయి పదమూడేళ్లయింది. చావు కబురు విన్న రోజున ఆమెకు ముందు కలిగింది దుఃఖం కాదు, కాస్త ఊరట. దానికి తర్వాత సిగ్గుపడింది.

ఇప్పుడు ఆ ఊరటా పోయింది. బుధవారం భోజనాల వేళ నేలమాళిగలో వాండా ఎదురుగా కూర్చుని పియరోగీలనే కుడుములు తింటూ ఆమె మొహంలోకి చూసింది.

"ఏమే, ఇవాళా తినవా? ఆ బఠాణీ సూపు నీ మొహం చూసే గడ్డకట్టేసింది."

"ఆకలి లేదు."

"సోమవారం నుంచీ లేదు. మీ ఇంట్లో ఎవరైనా పోయారా?"

"ఇంకా లేదు."

"ఇంకా అంటే ఏంటే! హడలగొట్టకు నన్ను."

ఆల్మా చెంచాతో సూపును అటూ ఇటూ కదిపింది. "వాండా, ఒకటి అడుగుతాను. ఎవరైనా దొంగ చీటీ పెట్టారనుకో. ఏం చేస్తారు?"

"ఇంకేం చేస్తారు, ఆ మనిషి చేతి చీటీలన్నీ ఊడ్చి పొయ్యిలో పడేస్తారు. ఒకటి దొంగదైతే మిగతావి దొరవని ఎవరు నమ్ముతారు? ఎవరే పెట్టింది?"

"ఎవరూ పెట్టలేదు. ఊరికే."

"ఊరికే అడిగే మాటేనా ఇది? ఆ పెక్ ఏమన్నా అన్నాడా? వాడి మొహం, ఇంకా ఓడ మీదున్నట్టే ఊగుతూ నడుస్తాడు. నాకు చెప్పు, నేను కడిగేస్తాను."

"ఆయన ఏమీ అనలేదు. నువ్వు తిను."

చీటీలన్నీ. ఇరవై తొమ్మిదేళ్లలో తను టైపు చేసినవి లక్షకు తక్కువ ఉండవు. మొగుడూ పిల్లలూ లేని మనిషికి ఉన్నదల్లా అవే. ఒక్క తడిసిన కాగితం కోసం అన్నీ పొయ్యిలోకి పోతాయి.

గురువారం మధ్యాహ్నం అందరూ కిందికి దిగాక ఆల్మా ఆ సొరుగు ముందు నిలబడింది. ఇత్తడి పిడి మీద చెయ్యి వేసింది. చీటీ తీసి జేబులో వేసుకుంటే ఆధారం లేదు, ఆధారం లేని అర్థాన్ని పెక్ కొట్టేస్తాడు, ఎవరూ ఏమీ అడగరు. జేబు అనుకోగానే తల్లి చేతిలో పిండిముద్ద గుర్తుకొచ్చింది. మళ్లీ జేబేనా అనుకుంది. మెట్ల మీద అడుగుల చప్పుడు వినిపించి చటుక్కున చెయ్యి తీసేసింది. చాలాసేపు చూసినా ఎవరూ రాలేదు. సొరుగు తెరవకుండానే ఆమె తన బల్ల దగ్గరికి వచ్చేసింది. ఆ రాత్రి కంటిమీద కునుకు లేదు.

శుక్రవారం పదిన్నరకు బోస్టన్ పొట్లం పెక్ బల్ల మీదికి వచ్చింది. ఆయన కత్తెర తీసి పురికొస మీద పెట్టేసరికి ఆల్మా కుర్చీలోంచి లేచింది. రాసి పంపడానికి చేతిలో కలం ఆడలేదు కాబట్టి నోరే విప్పింది.

"తెరవకండి. అలాంటి పుస్తకం లేదు."

ఆ గదిలో అంత గట్టి మాట ఏళ్లుగా ఎవరూ వినలేదు. ఇరవై తలలు లేచాయి.

"మిస్ ట్రూడెల్?" పెక్ కత్తెర అలాగే పట్టుకుని చూశాడు. "ఇదిగో వచ్చిందిగా. ఓడ వైద్యుడి డైరీ."

"కాదు, పాస్టరు ఉత్తరాలు. ఆ పాస్టరూ లేడు, ఉత్తరాలూ లేవు. అసలు చీటీ నేనే పోగొట్టాను. వాక్యం నేనే కల్పించాను. ఇరవై తొమ్మిదేళ్లయింది. నన్ను ఏం చేసినా చేయండి, మిగతా చీటీలు మాత్రం నిజమైనవే. ఒట్టు. వాటిని పారేయకండి."

"పాస్టరెవరండీ? మీరు దేని గురించి చెబుతున్నారో నాకు తెలియడం లేదు."

ఆయన లేచి సొరుగు దగ్గరికి నడిచాడు. ఆల్మా వెనకే వెళ్లింది, వెళ్లక తప్పదు కాబట్టి. సొరుగు మామూలు సొరుగులాగే తెరుచుకుంది. ప్యావిడ్ కట్టలో పైనున్న చీటీ టైపు చేసింది కాదు. నల్ల సిరాతో, థ్రాల్ చేతిరాత. ఓడ వైద్యుడి డైరీ, పేజీ నలభై ఒకటి. పెక్ దానితో పాటు కట్టంతా చేతిలోకి తీసుకున్నాడు. చివర ఒక చీటీ తిరగేసి ఉంది. పనికిరాదని కొట్టేసిన చీటీని అక్కడ పారేయరు, బోర్లా తిప్పి వెనక పెడతారు. బోర్లా పడ్డదాన్ని ఎవరూ చదవరు.

పెక్ దాన్ని తిప్పాడు. ఏ.టి. టైపు మీద అడ్డంగా ఎర్ర పెన్సిలు గీత. దాని కింద అదే పెన్సిలుతో నాలుగు వరుసలు. ఆయన మెల్లగా పైకి చదివాడు.

"ఇలాంటి పుస్తకం లేదు. అసలు చీటీ పోయినట్టుంది, మళ్లీ రాసి పెట్టాను. అమ్మాయిని ఎవరూ ఏమీ అనవద్దు, ఇప్పటికే చాలా బెదిరి ఉంది. వాక్యం మాత్రం బాగుంది. తనంతట తనే వచ్చి చెప్పేదాకా ఆగుతాను. థ్రాల్. నవంబరు, 1928."

గుండె మీది బరువు దిగుతుందనుకున్నారేమో ఎవరైనా. దిగలేదు. ఆల్మా ఆ తేదీ వైపే చూస్తూ నిలబడింది. తను చీటీ పెట్టిన వారం లోపలే ఆయన రాశాడు. ఆ తర్వాత పదహారేళ్లు పది అడుగుల దూరంలో కూర్చున్నాడు. రెండుసార్లు పిలిచాడు. ప్రతి సెప్టెంబరులో వచ్చి నిలబడ్డాడు.

పెక్ పొట్లం విప్పి, పేజీ నలభై ఒకటి తీసి, వేలితో ఒక్కో అక్షరం సరిచూశాడు. తేడా లేదు. "రెండో అర్థం నిలబడింది," అన్నాడు. తర్వాత ఆమెను చూసి, ఓదార్చడం చేతకాని మనిషి కాబట్టి, "ఆ రోజే చెప్పేసి ఉంటే నిమిషంలో పోయేదండీ," అన్నాడు.

"అవునండీ," అంది ఆల్మా.

తన చీటీని మళ్లీ బోర్లా తిప్పి, కట్ట వెనక తనే పెట్టి, సొరుగు మూసింది. తిరిగి వస్తూ వాండా బల్ల దగ్గర ఆగింది. వాండా కళ్లు ఇంతలేసి చేసుకుని చూస్తోంది.

"వాండా, ఆ బేరిపండ్లు..."

"ఏ బేరిపండ్లే?"

"థ్రాల్ తెచ్చేవాడే. నీ సంచీలో వేసేదాన్ని. ఎలా ఉండేవి?"

"ఎలా ఉండటమేంటి, తేనెలా ఉండేవి. ఇంటికెళ్లేదాకా కూడా ఆగేవి కావు, ట్రాములోనే తినేసేదాన్ని." వాండా గొంతు తగ్గించింది. "నీకు పడవేమో అనుకున్నానే ఇన్నాళ్లూ. బేరిపండ్లంటే నీకు ఇష్టం లేదూ?"

"ఇష్టమే," అంది ఆల్మా.