మౌంట్ హారియట్ మీద సిలువ

బడిలో పిల్లలకి కొండల పాఠం నేనే చెబుతాను. అండమాన్లో అన్నిటికన్నా ఎత్తైంది సాడిల్ పీక్, డిగ్లీపూర్ వైపు. నిప్పులు కక్కేది బ్యారెన్ ఐలాండ్, దేశం మొత్తానికి అదొక్కటే. మౌంట్ హారియట్ దగ్గరికొచ్చేసరికి నాకు పళ్లు పటపటమంటాయి. సర్కారు దాని పేరు మార్చింది. మార్చుకోనీ, నా కోపానికి పాత పేరే గుర్తు.

మాది బాంబూఫ్లాట్, ఆ కొండ కిందే. మా తెలుగు సంఘం ఏటా గుడ్ ఫ్రైడేకి సిలువ మోసుకుంటూ కొండెక్కుతుంది. వెలేసినవాళ్లని మళ్లీ కలుపుకోవాలంటే ఆ ఏడు సిలువ వాళ్లే మోయాలి. పైకి చేరేదాకా అది నేలకి తగలకూడదు. ఇది బైబిల్లో ఎక్కడుందో నన్నడక్కండి, మా పెద్దలు పెట్టారు.

మా అన్న టూరిస్టు హోటల్లో మందు పోసే పని చేశాడని వాణ్ణీ వదిననీ సంఘంలోంచి తీసేశారు. పని మానేసినా కలుపుకోలేదు. ఇంతలో వదినకి కేన్సర్ ముదిరింది. ఇంటికి తీసుకెళ్లిపోమన్నారు డాక్టర్లు. ఆవిడ కోరిందల్లా సంఘం సమాధుల తోటలో వాళ్లమ్మ పక్కన చోటు. "మోస్తాను" అన్నాడు అన్న.

ఆ రోజు ఉక్కకి బట్టలు ఒంటికి అతుక్కుపోయాయి. అన్న భుజం చెక్కుకుపోయింది. నీళ్లివ్వబోతే సంఘపెద్ద నా చెయ్యి పక్కకి తోసి, "ప్రభువు తాగాడా అమ్మా?" అన్నాడు. తను మాత్రం సీసా ఎత్తి గటగటా తాగాడు.

ఇంకాసేపట్లో పైకి చేరతామనగా, కుళ్లిన ఆకుల మీద ఆ పెద్దమనిషే కాలు జారి లోయ వైపు దొర్లాడు. ఒక వేరు పట్టుకుని వేలాడుతూ, "అరే భయ్యా, పట్టుకో" అన్నాడు. దగ్గరున్నది అన్నే. సిలువ దించేసి, బోర్లా పడుకుని, మణికట్టు పట్టి పైకి లాగాడు.

ఆయన ప్యాంటు దులుపుకున్నాడు. కళ్లు మూసుకుని స్తోత్రం చెప్పుకున్నాడు. ఆ తర్వాత మెత్తగా, తడిగుడ్డతో గొంతు కోసినట్టు చెప్పాడు: "సిలువ నేలకి తగిలింది కదా తమ్ముడూ. నియమం నియమమే. వచ్చే ఏడాది చూద్దాం."

ఏరు దాటాక తెప్ప తగలేసేవాళ్లని చాలామందిని చూశాను. ఒడ్డున కాలు ఆనకముందే తగలేసినవాణ్ణి అప్పుడే చూశాను.

"అలాగేనయ్యా. మరి వచ్చే ఏడాది దాకా ఆగమని మీరే మా ఇంటికొచ్చి దానికి చెప్పండి" అన్నాడు అన్న.

ఆయన రాలేదు. వానలు మొదలవకముందే వదిన పోయింది. వాళ్లమ్మ పక్కన చోటు ఇంకా ఖాళీగానే ఉంది.